గడియ పెట్టిన చెయ్యి

పంచాయతీ సమితి ప్రెసిడెంటు పాండురంగారావు తన నోటితో అబద్ధం చెప్పే మనిషి కాదు. ఎదుటివాళ్ళ నోటితో చెప్పిస్తాడు. ఊరంతా ఎరిగిన ఈ సంగతి కొండమ్మకు మాత్రం ఆ ఏడు మాఘ పౌర్ణమికి రెండు రోజుల ముందు తెలిసింది.

తెనాలిలో రైసుమిల్లు పెట్టాక ఆయన ఊళ్ళో ఉండడం తక్కువ. ఆ రోజు కారు రేపల్లె రోడ్డు దిగి, కాలవ కట్ట మీదుగా వచ్చి, కూలినాలి చేసుకునేవాళ్ళ పేట మొదట్లో ఆగింది. లోపలికి రాలేదు. దారి బాగాలేక కాదు, ఆయన పుట్టిన పెద్దింటివాళ్ళెవరూ పేటలో అడుగుపెట్టిన పాపాన పోలేదు గనక. కబురందుకుని కొండమ్మ తడిచేతులు కొంగుకు తుడుచుకుంటూ వెళ్ళింది. ఆయన కారు దిగలేదు, అద్దం దించాడు.

"ఏం కొండమ్మా, బాగున్నావా?"

"మీ దయండి బాబుగారూ."

"మీ అమ్మాయి బాపట్లలో ట్రైనింగ్ పూర్తి చేసిందట?"

"చేసిందండి. పాసయిందండి."

"మన సమితి బళ్ళో టీచరు పోస్టు ఖాళీగా ఉంది. వెయ్యాల్సింది నేనే."

కొండమ్మ కారు అద్దానికి దగ్గరగా జరిగింది. కూతురు కరుణ చదువుకోసం ఆమె నాటని మడి లేదు, కొయ్యని చేను లేదు. "మీ పిల్లే అనుకోండి బాబుగారూ" అంది.

"అనుకునే వచ్చాను. నువ్వు కూడా నా మాట ఒకటి వినాలి. ఎల్లుండి ఆదెమ్మ తిరనాళ్ళకి గుంటూరు నుంచి పెద్దలొస్తున్నారు. కథ చెప్పు. ఎప్పటికంటే బ్రహ్మాండంగా చెప్పు. ఆ ప్రశ్న ఒక్కటీ మానెయ్యి."

"అది మానేస్తే ఆ తల్లి గాదెలోకి ఎట్లా వెళ్ళిందని చెప్పనండి?"

"తనే వెళ్ళింది. జీవసమాధి. లోకం కోసం తపస్సు చేసుకుందామని లోపలికెళ్ళి తలుపేసుకుంది. గుడి ముందు పెట్టించిన రాతి మీద కూడా అట్లాగే చెక్కించాను."

"గడియ బయట ఉందండి, బాబుగారూ" అంది కొండమ్మ.

కారు అద్దం పైకి లేచింది.

ఆ ప్రశ్న ఏంటో తెలియాలంటే ఆదెమ్మ సంగతి తెలియాలి. కృష్ణకు ఆనకట్ట లేని రోజుల్లో ఆమె పెద్దింటి కోడలు. మొగుడు పోయాడు, బావలు ముగ్గురున్నారు. పెద్ద కరువొచ్చింది. ఊళ్ళో జనం తుంగగడ్డలు తవ్వుకుని తింటుంటే పెద్దింటి గాదె మాత్రం నిండుగా ఉంది. ఇప్పుడు కాలవకు అవతల ఉన్న పేటలో తల్లులు బిడ్డల్ని చంకనేసుకుని వస్తే, ఆదెమ్మ గాదె తలుపు తీసి, దోసిలి పట్టిన ప్రతివాళ్ళకూ దోసెడు వడ్లు పోసింది. బావలు చూశారు. "వడ్ల మీద అంత పెత్తనం చేస్తున్నావు, వడ్లతోనే ఉండు" అని లోపలికి నెట్టి బయట గడియ పెట్టారు. తీసేటప్పటికి ఆమె కూర్చున్నది కూర్చున్నట్టే పోయి ఉంది. మోకాళ్ళ చుట్టూ వడ్లు పచ్చగా మొలకెత్తి ఉన్నాయి. గాదెలోకి నీళ్ళెక్కడివి అని అడిగేవాళ్ళకు కథ చెప్పే ఆడవాళ్ళు తరతరాలుగా ఇచ్చే జవాబు ఒకటే: ఏడ్చింది కదమ్మా.

ఆ తరవాత ఆ ఇంట్లో ఎవరికీ అన్నం ముద్ద దిగలేదంటారు. చివరికి ఇంటి పెద్ద కళ్ళంలోకొచ్చి నలుగురి ముందూ తప్పు ఒప్పుకుంటే గానీ గొంతు తెరుచుకోలేదట. అప్పటినుంచి అదే ఆనవాయితీ. దోసిలి పట్టిన తల్లుల ఆడసంతతిలో ఒకరు మాఘ పౌర్ణమి నాడు కళ్ళంలో నిలబడి కథ చెప్పాలి. వినే ఆడవాళ్ళు మాటమాటకూ "ఊ" కొట్టాలి. "ఊ" లేకుండా కథ అడుగు ముందుకు వెయ్యదు. గాదె తలుపు మూసుకున్న చోట చెప్పే మనిషి ఆగి అడుగుతుంది: "గడియ పెట్టిన చెయ్యి ఎవరిది?" పెద్దింటి పెద్ద లేచి, భుజం మీది కండువా తీసి, "మా చెయ్యే తల్లీ" అనాలి. అప్పుడే కథలో తలుపు తెరుచుకుంటుంది. అందాకా అటు ఊళ్ళోగానీ ఇటు పేటలోగానీ పొయ్యి రాజెయ్యరు. ఆకలితో ఆవిడ లోపలుంటే బయట మనకు కూడేంటి అని.

పాండురంగారావు తండ్రి బసవపున్నయ్య ఉన్నన్నాళ్ళూ ఆ మాట ఆయనే అన్నాడు. మహానుభావుడేం కాదు లెండి. కూలి కొలిచేటప్పుడు కుంచం అంచు మీద అరచెయ్యి ఆడించి, నాలుగు గింజలు మిగిల్చుకునే రకం. అయినా ఏడాదికొక నిజం చెప్పేవాడు, అదీ తలవంచి చెప్పేవాడు. ఆ ఒక్క నిజం కోసం జనం ఆయన్ని మిగతా ఏడాదంతా భరించారు. ఆయన పోయి ఎనిమిది నెలలైంది. ఇక కొడుకు వంతు.

పేటవాళ్ళు తాతల నాడే లూథరన్ సంఘంలో కలిశారు. కొత్తగా వచ్చిన పాస్టరుగారు ఒకసారి, "అన్యదేవతల కథ నీకెందుకమ్మా?" అన్నాడు. కొండమ్మ ఊరుకునే మనిషా? "దేవతని ఎవరన్నారండి? మా అమ్మమ్మకి అమ్మమ్మ ఆకలితో చస్తుంటే అన్నం పెట్టిన మనిషి. అన్నం పెట్టినవాళ్ళ పేరు తలుచుకోకూడదని ఏ వాక్యంలో ఉందో చూపించండి" అంది. ఆయన చాలాసేపు బైబిలు పేజీలు తిప్పి, టీ తాగి వెళ్ళిపోయాడు.

అలాంటి మనిషి, కారు వచ్చి వెళ్ళిన ఆ రాత్రి, ఏం చెయ్యమంటావని మొగుణ్ణి అడిగింది. మొగుడు అంద్రెయ గుమ్మెటకు తోలు బిగించుకుంటూ, "కథ నీది, బిడ్డ నీది. నేను వాయించేవాణ్ణి" అని తప్పుకున్నాడు. తన కథకు ఇరవై ఏళ్ళు వంతపాట పాడిన మనిషి చేతులు దులుపుకోవడం చూసి కొండమ్మకు ఒళ్ళు మండింది.

కరుణ గుమ్మంలో కూర్చుని ఉంది. "అమ్మా, ఒక్క ప్రశ్నే కదా. అడిగినా అడక్కపోయినా ఆదెమ్మ తిరిగొస్తుందా?"

"రాదు."

"ఆ ముసలాయన అన్నాడే, దానివల్ల మన కూలి పెరిగిందా?"

"లేదు."

"మరి?"

కొండమ్మ లేచి వాకిట్లోకొచ్చింది. కోపం కూతురి మీద కాదు. ఎంత నీచమైన ఎత్తు! తల్లి నోరు మూయించాలంటే బిడ్డ కంచం చూపిస్తే చాలని పాండురంగారావుకు ఎవరు నేర్పారు? ఎవరూ నేర్పక్కర్లేదు, రక్తంలోనే ఉంది. ఆ నాటి తల్లులు కూడా బిడ్డల ఆకలి కోసమే కదా ఆ గాదె ముందు నిలబడ్డది! తన బిడ్డ కోసం తను ఒక మాట మింగితే ఆదెమ్మ మాత్రం కోప్పడుతుందా? అలా తనకు తనే నచ్చజెప్పుకుంది. తెల్లవారేసరికి నిర్ణయం అయిపోయింది. ప్రశ్న అడగదు.

పౌర్ణమి నాడు కళ్ళం కళ్ళంలా లేదు. రంగుకాగితాలు, మైకు, ముందువరసలో కుర్చీలు, కుర్చీల్లో గుంటూరు నుంచి వచ్చిన తెల్లబట్టలు. చిన్న గుడి ముందు కొత్త రాయి. గుడిలో విగ్రహం లేదు, ఎప్పుడూ లేదు. ఉన్నది పాత గాదె తలుపే. దానికి పసుపు రాసి బొట్టు పెడతారు. ఊరి ఆడవాళ్ళు నడుమ కట్టిన తాడుకు అటు, పేట ఆడవాళ్ళు ఇటు కూర్చున్నారు. అందరి కడుపులూ ఖాళీ. పాండురంగారావు మాత్రం పొద్దున్నే రేపల్లెలో ఇడ్లీలు తిని వచ్చాడని కారు డ్రైవరు ఎవరికో చెబితే, ఆ మాట తాడుకు రెండువైపులా పాకింది.

కొండమ్మ కథ ఎత్తుకుంది. కరువు చెప్పింది. బిడ్డ నోట్లో మట్టి తీసి చూసుకున్న తల్లిని చెప్పింది. కుర్చీల్లో ఒకాయన కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. కథ గాదె ముందుకొచ్చింది.

"బావలు ముగ్గురూ వచ్చారమ్మా!"

"ఊ..."

"కాళ్ళ చెప్పులు విడవకుండా వచ్చారమ్మా!"

"ఊ..."

"ఆదెమ్మ చేతిలో దోసెడు వడ్లున్నాయమ్మా!"

"ఊ..."

కొండమ్మ గాలి పీల్చుకుంది. "ఆ తల్లి తనంతట తానే గాదెలోకి వెళ్ళిందమ్మా."

"ఊ" రాలేదు.

వినపడలేదేమోనని ఇంకోసారి చెప్పింది. పేటవాళ్ళు పలకలేదు. ఊరివాళ్ళూ పలకలేదు. తాడుకు అటున్న మోతుబరుల ఆడవాళ్ళు కూడా పెదవి విప్పలేదు. అంద్రెయ చెయ్యి గుమ్మెట మీదే ఆగిపోయింది. కొండమ్మ జనంలో కరుణ కోసం చూసింది. ఎవరి కోసం ఈ అబద్ధమో ఆ పిల్లయినా "ఊ" అంటే చాలు, దాన్ని పట్టుకుని కథ దాటించేస్తుంది. కరుణ తల్లి కళ్ళలోకి చూస్తూ కూర్చుంది. నోరు విప్పలేదు.

అప్పుడొచ్చింది కొండమ్మకు సిగ్గు. సిగ్గు వెనకే కోపం, మొదట తన మీద, తరవాత కుర్చీలో నవ్వుతూ కూర్చున్న మనిషి మీద. నిటారుగా నిలబడింది.

"కాదమ్మా! నెట్టారమ్మా! నెట్టి తలుపు మూశారమ్మా!"

"ఊ!" అంది కళ్ళం అంతా ఒక్కసారి.

"గడియ పెట్టిన చెయ్యి ఎవరిది?"

పాండురంగారావు నవ్వు అలాగే ఉంది గానీ చెయ్యి మాత్రం మైకువాడి వైపు ఊగింది. మైకు ఆగిపోయింది. మైకు నోరు నొక్కితే కొండమ్మ నోరు నొక్కినట్టా? కాలవ అవతల నాట్లేసేవాళ్ళను ఇవతల నుంచి పిలిచే గొంతు అది. మళ్ళీ అడిగింది. గడ్డివాముల అవతల కట్టేసిన గేదెలు తలలెత్తాయి.

ఆయన లేచాడు. "ఏంటిది కొండమ్మా? పెద్దమనుషుల ముందు మర్యాదలేదూ? వందేళ్ళ కిందటి మాటకి నేనా జవాబుదారీ?"

"ఈ కళ్ళం ఎవరిదండి?"

"మాదే."

"ఆ పొలాలు?"

"మావే. తాతముత్తాతల నాటివి."

"తాతముత్తాతల పొలం మీదైందిగానీ, వాళ్ళ చెయ్యి మీది కాకపోయిందాండి?"

కుర్చీల్లో పెద్దలు వాచీలు చూసుకున్నారు. వాళ్ళకు అవతల ఇంకో సభ ఉందని అప్పుడే గుర్తొచ్చింది. పాండురంగారావు వాళ్ళ వెంట కారు దాకా పరిగెత్తినంత పనిచేశాడు.

అప్పుడు ఆడవాళ్ళలోంచి మాణిక్యాంబ లేచింది. పాండురంగారావు తల్లి. మొగుడు పోయాక నలుగురిలోకి రావడం అదే మొదలు. రెండు చేతులూ జోడించి, "మా చెయ్యే తల్లీ" అంది.

జనం హమ్మయ్య అనుకున్నారు. ఇక అన్నం తినొచ్చు. కొండమ్మకు ఆ ముసలామె అంటే ప్రేమ. కరుణ పుట్టినప్పుడు వెనకదారిన నెయ్యి పంపింది ఈవిడే. అయినా తల అడ్డంగా ఊపింది.

"మీ చెయ్యి కాదమ్మగారూ. మీరు ఆ ఇంటికొచ్చిన కోడలు. ఆదెమ్మా కోడలే. మగాళ్ళు చేసింది తెచ్చి మళ్ళీ కోడలి నెత్తిన పెట్టడానికా ఇన్ని తరాలుగా ఈ కథ చెప్పుకుంటున్నాం? మీది గడియ పెట్టిన చెయ్యి కాదు తల్లీ. లోపలినుంచి తలుపు బాదిన చెయ్యి."

మాణిక్యాంబ జోడించిన చేతులు దించింది. ఆ మాట కోసమే ఇన్నేళ్ళూ ఎదురుచూసినట్టు ఆవిడ కళ్ళమ్మట నీళ్ళు జారాయి. వెళ్ళి గుడి ముందు, కొత్త రాతికి వీపు ఆనించి కూర్చుంది. "అయితే నేనూ ఇక్కడే ఉంటాను. ఆదెమ్మ బయటికొచ్చాకే నేనూ ఇంటికొస్తాను" అంది.

కొండమ్మ గుమ్మెటను అంద్రెయ భుజానికి తగిలించి, "తలుపు తెరవను. ఆదెమ్మ లోపలే ఉంది" అని ఇంటిదారి పట్టింది.

కోపంలో అనేసి వచ్చింది గానీ, ఇంటికొచ్చాక చాప మీద పడుకోలేకపోయింది. కథలో ఎవరినీ కష్టంలో వదిలిపెట్టి లేవకూడదని కొండమ్మకు తల్లి నేర్పింది. సావిత్రిని యముడి దగ్గరా, సీతను అశోకవనంలోనూ వదిలి నిద్రపోయేవాళ్ళకు పుట్టగతులుండవనేది. ఇప్పుడు ఆదెమ్మను చీకట్లో వదిలి వచ్చింది తనే. కడుపు కాలుతుంటే ఆ చీకటి ఎలా ఉంటుందో కొంచెం తెలిసింది. పెద్దింటి మనిషి రేపు కూడా ఒప్పుకోకపోతే? ఎప్పటికీ ఒప్పుకోకపోతే? ఇన్ని తరాలు నోటినుంచి నోటికి మోసుకొచ్చిన మనిషిని తన చేతుల్లో పోగొట్టుకున్నట్టే కదా!

కరుణ మంచినీళ్ళ చెంబు తెచ్చి పక్కన కూర్చుంది.

"ఎందుకే 'ఊ' అనలేదు?" అంది కొండమ్మ.

"అందామనే నోరు తెరిచానమ్మా. రాలేదు."

మర్నాడు పొద్దెక్కినా రెండువైపులా ఒక్క ఇంటినుంచీ పొగ లేవలేదు. పసిపిల్లలకు నానేసిన అటుకులు, మజ్జిగ పెట్టారు. పెద్దలు పట్టుదలగా కూర్చున్నారు. పాండురంగారావు పోలీసుల్ని పిలిపిస్తానన్నాడు. పొయ్యి వెలిగించలేదని ఏ సెక్షను కింద కేసు పెడతారో ఆయనకే తెలియలేదు. గుమాస్తా పున్నారావును పిలిచి, "ముందు నువ్వు మీ ఇంట్లో పొయ్యి రాజేయించవయ్యా, మిగతావాళ్ళు చూసి నేర్చుకుంటారు" అన్నాడు. "నేను రాజేయిస్తానండి, తరవాత మా ఆవిడ నన్ను ఇంట్లోకి రానివ్వదండి" అన్నాడు పున్నారావు దణ్ణం పెడుతూ. తల్లికి పాండురంగారావే పాలు పంపాడు. మాణిక్యాంబ గ్లాసు పక్కన పెట్టింది. ఎండ ముదిరేసరికి ఆవిడ ఒక పక్కకు ఒరిగిపోయింది. ఊరి ఆడవాళ్ళూ పేట ఆడవాళ్ళూ చుట్టూ చేరి విసురుతున్నారు. తాడు ఎవరి కాళ్ళకు తగిలి తెగిందో ఎవరూ చూసుకోలేదు.

కొండమ్మకు కబురొచ్చి కళ్ళంలోకి వచ్చేసరికి పాండురంగారావు తల్లి ముందు నిలబడి ఉన్నాడు.

"లేమ్మా, చచ్చిపోతావు."

"ఆ ఇంటి కోడళ్ళకు అది కొత్తేం కాదురా" అంది మాణిక్యాంబ.

ఆయన కొండమ్మ వైపు తిరిగాడు. మొహం కందగడ్డలా ఉంది. "మీ కరుణ ఉద్యోగం సంగతి ఇక మర్చిపో."

"నిన్ననే మర్చిపోయామండి" అంది కరుణ వెనకనుంచి.

ఇక ఆయన దగ్గర ఇవ్వడానికీ లాక్కోవడానికీ ఏమీ మిగల్లేదు. నేల చూపులు చూస్తూ ఏదో గొణిగాడు.

"ఏంటండీ?" అంది కొండమ్మ.

"మా చెయ్యేనన్నాను."

"నాకు కాదండి చెప్పాల్సింది. ఆవిడకు." గుళ్ళో తలుపు చూపించింది.

చుట్టూ ఉన్న ఆడవాళ్ళు జరిగి దారిచ్చారు. ఆయన ఆ తలుపు ముందుకు వెళ్ళి నిలబడ్డాడు. కండువా తీశాడు. "మా చెయ్యే తల్లీ" అన్నాడు. ఈసారి గొణుగుడు కాదు, గొంతు పగిలి వచ్చిన మాట. తండ్రి గొంతు అచ్చం ఇలాగే ఉండేదని ముసలివాళ్ళు ఒకరి మొహాలు ఒకరు చూసుకున్నారు.

కొండమ్మ అక్కడే, గుమ్మెట లేకుండా, కథలో తలుపు తెరిచింది. వడ్ల మొలకల్ని చెప్పింది. "ఆకలికి అడ్డంపెట్టిన తలుపు దేవుడికీ అడ్డమేనమ్మా" అని తన తల్లి చెప్పినట్టే చెప్పి ముగించింది. మాణిక్యాంబ చేత మజ్జిగ తాగించింది. ఊళ్ళోకి పిల్లలు పరుగెత్తారు, కాసేపటికి పొగలు లేచాయి.

పాండురంగారావు కండువా దులిపి భుజాన వేసుకున్నాడు. మాట దిగిపోయాక మనిషికి మళ్ళీ దర్జా వచ్చింది. "చెప్పించుకున్నావుగా? ఇంతటితో అయిపోయింది. వచ్చే ఏటినుంచి ఈ గొడవ ఉండదు" అన్నాడు.

"వచ్చే ఏడూ అడుగుతానండి."

"ఇంకా ఏంటి? ఒప్పుకున్నానుగా!"

"ఒప్పుకున్నారండి" అంది కొండమ్మ. "తలుపు గుళ్ళోకొచ్చింది గానీ, మా కూలి కొలిచే గాదె ఇంకా మీ ఇంట్లోనే ఉంది కదండీ."